హుర్నె ఇంటి సెగతాడు

అత్త పోయిందన్న సంగతి హుర్నెకి తెల్లారగానే తెలిసింది. మెడ వెనక అరచెయ్యి పెట్టి చూస్తే రాయిలా చల్లగా తగిలింది. సెంగూర్ లోయలో అంతకు మించి చూడాల్సిందేమీ లేదు. అక్కడ మనుషులు పలకరించుకునేదే అలా. ఎదురుపడితే చాలు, ఒకరి మెడ వెనక ఒకరు చెయ్యి వేసి "వెచ్చనేనా?" అంటారు, "వెచ్చనే" అని జవాబు. ఉప్పూ నిప్పూగా ఉండేవాళ్ళు సైతం ముందు ఆ ముచ్చట కానిచ్చి, ఆ తర్వాత తిట్టుకుంటారు. ఒళ్ళు వెచ్చగా ఉంటే ఉన్నట్టు, చల్లబడితే పోయినట్టు. గొర్రెకైనా పసిబిడ్డకైనా ఊరి పెద్దకైనా అదే పరీక్ష. ఊపిరి ఆడుతోందా, నాడి కొట్టుకుంటోందా అని చూసే అలవాటు వాళ్ళకి లేదు, ఎవరైనా చెప్పినా నవ్విపోతారు.

అత్త ఓల్మా చలి మొదలైనప్పుడే మంచం పట్టింది. నోరున్నన్నాళ్ళూ కోడల్ని ఉతికి ఆరేసిన మనిషి. మాట పడిపోయాక కళ్ళు మాత్రం తిప్పుతూ గుమ్మం పక్క మంచం మీద పడి ఉండేది. కింద సెగ పారే తిన్నె మీద పడుకోబెడితే వేడికి ఒళ్ళు మండుతోందని మూలిగేది. అలాంటి మనిషి పోతే హుర్నెకి తెరిపిగా ఉండాలి కదా, ఉండలేదు. ఏళ్ళ తరబడి ఒకే కప్పు కింద పోట్లాడుకున్న మనుషుల మధ్య ఏముంటుందో ఏమో, కడుపులోంచి ఏడుపు తన్నుకొచ్చింది. గొంతెత్తబోయేసరికి తిన్నె మీంచి తిసీ దగ్గింది. ఆ దగ్గు విని హుర్నె రెండు చేతులతో నోరు మూసుకుంది.

తిసీ హుర్నె కూతురు. ముందు కాన్పులేవీ నిలవక చివరికి దక్కిన పిల్ల. పది రోజులుగా రొమ్ము నిండా కఫం, ఊపిరి తీస్తే ఎండుటాకుల చప్పుడు. మందుల ముసలమ్మ వచ్చి చూసి, దీనికి ఒక్క పూట చలి తగిలినా నా చేతిలో ఏమీ లేదు, తర్వాత నన్ననకు అని మొహమాటం లేకుండా చెప్పిపోయింది.

ఇక ఊరి కట్టడి చూడండి. ఎవరింట్లో ప్రాణం పోయినా ముందు ఆ ఇంటి సెగతాడు తెంచాలి. ఏడవడం ఆ తర్వాత.

ఊరి వెనక పొగకొండ ఉంది. దాని నెర్రెల్లో సెగనార పెరుగుతుంది, రాతికి మొలిచిన జుట్టులా. మగవాళ్ళు ఎక్కి దువ్వుకొస్తారు, ఆడవాళ్ళు తాడు పేనుతారు. కొండ కడుపులో ఉన్న సెగ ఆ తాట్లో కాలవ నీళ్ళలాగే పారుతుంది, పారినంతమేరా తాడు తేనె రంగులో వెలుగుతుంది. పెద్దతాడు కొండ దగ్గర మొదలై వీధి పొడుగునా బండల కింద దిగుతుంది. దాన్నుంచి ఇంటికొక పాయ లోపలికొచ్చి, తిన్నె కింద చుట్లు తిరిగి, నడిమి స్తంభానికి చుట్టుకుంటుంది. వంట దాని మీదే, వెలుతురు దానిదే, పడక దాని పక్కనే. అది లేకపోతే ఆ లోయలో చలికాలం గట్టెక్కడం గగనం.

చావు జరిగిన ఇంట్లో ఆ పాయ తెంచేసి, కొస బూడిదలో పూడ్చి, శవాన్ని గట్టు మీదికి మోసుకెళ్ళేదాకా ఆ ఇంటివాళ్ళు చలిలో కూర్చోవాలి. ఇంకొకరి గడప తొక్కకూడదు. మామూలుగా అయితే అది ఒక పూట వ్యవహారం. కానీ ఇప్పుడు మంచుతుఫాను దిగి ఉంది. గట్టు దారి మూసుకుపోయింది. హుర్నె మొగుడు యార్తు, కొంతమంది మగవాళ్ళతో కలిసి నార దువ్వడానికి వెళ్ళి కొండ మీదే చిక్కుకుపోయాడు. తుఫాను ఎప్పుడు తగ్గుతుందో ఎవరికీ తెలీదు.

ఇంతకీ ఎందుకు తెంచాలయ్యా అంటే ఒక్కడూ సరిగ్గా చెప్పడు. పోయినవాళ్ళకి సెగ తగలకూడదు, అంతే. ఎవరు మొదలుపెట్టారో, ఏ బుద్ధితో పెట్టారో, ఆ బుద్ధి కాస్తా మరిచిపోయి కట్టడి మాత్రం పట్టుకుని వేలాడుతున్నారు. పోయినావిడకి మర్యాద కోసం ఉన్న పిల్లని చంపుకోమంటారా అని హుర్నెకి ఒళ్ళు మండింది. మండదా మరి, ఏ తల్లికైనా.

ఓల్మా పక్కన కూర్చుని, చెవి దగ్గర నోరు పెట్టి చెప్పింది. "అత్తా, తుఫాను తగ్గేదాకా ఓర్చుకో. నీ మనవరాలి కోసమే కదా. తర్వాత పైనుంచి నీ ఇష్టమొచ్చినంత తిట్టుకో, పడతాను."

గుమ్మం పక్క మంచమైతే వచ్చేపోయే ప్రతివాళ్ళ చెయ్యీ తగులుతుంది. అందుకని ముసలామెని ఎత్తి, తిన్నె మీద గోడవారగా, తాడు చుట్ల పక్కన పడుకోబెట్టి, మెడ దాకా బొంత కప్పింది. ఆ పని అయ్యాక చేతులు కడుక్కుని తిసీకి గంజి కాచింది.

మధ్యాహ్నం బెజిన్ వచ్చింది. కింది ఇంటావిడ. కొంగులో పెరుగు తోడుకి గిన్నె, వీపున కట్టుకున్న చంటివాడు మూక్, నోట్లో ఊరివాళ్ళ సంగతులు, ఇవి లేకుండా ఆమె ఎక్కడికీ కదలదు. హుర్నె మెడ మీద చెయ్యి వేసి, "ఏంటొదినా, ఇంత చల్లగా ఉన్నావు, మా అన్న కొండెక్కితే కుంపటారిపోయిందా?" అని వేళాకోళమాడింది. ముసలమ్మని పలకరిస్తానని తిన్నె వైపు నడిచింది. నిద్రపోతోందని హుర్నె అడ్డం వచ్చినా ఆగుతుందా? బొంత కింద చెయ్యి దూర్చేసింది. హుర్నెకి పైప్రాణాలు పైనే పోయాయి.

బెజిన్ చెయ్యి తీసి, "వెచ్చనే. మనందరికంటే ఈవిడే వెచ్చన" అని నవ్వి, పెరుగు తోడు తీసుకుని వెళ్ళిపోయింది.

హుర్నె తలుపు వేసి పరుగున వచ్చి చూసింది. నిజమే. మెడ వెచ్చగా ఉంది. చెంపలు వెచ్చగా ఉన్నాయి. పొద్దున్న కంగారులో తనే పొరబడిందన్నమాట. అత్త పోలేదు. తాడు తెంచక్కర్లేదు, దొంగతనంగా బతకక్కర్లేదు. గుండెల మీంచి బండ దించినట్టయి అక్కడే కూలబడి ఏడ్చి, నవ్వి, మళ్ళీ ఏడ్చింది. గంజి తెచ్చి నోట్లో పోస్తే బయటికి కారిపోయింది. మొన్న మొన్నటిదాకా అలిగితే అలాగే చేసేది కాబట్టి హుర్నె దాన్ని పట్టించుకోలేదు.

మర్నాటికి ఆ ఇంట్లో తాడు వెలుగు పెరిగింది. గోడల మీద గంటెల నీడలు కూడా లెక్కపెట్టుకునేలా ఉన్నాయి. తిసీ బొంత తన్నేసి లేచి కూర్చుంది, జున్ను ముక్క కావాలంది, అమ్మ పెట్టిన ముక్క చిన్నదని మూతి ముడిచింది. దగ్గు కూడా తగ్గింది. కూతురు అలా మూతి ముడిస్తే చూసి ఎన్నాళ్ళయిందో హుర్నెకి. ఇంకో ముక్క పెట్టి, జుట్టు దువ్వి జడ వేసింది.

వీధి కింది కొసన మాత్రం సంగతి వేరేలా ఉంది. అక్కడి ఇళ్ళలో తాళ్ళు మసకబారాయట. ఉన్న బట్టలన్నీ ఒంటి మీద వేసుకుని పిల్లల్ని మధ్యలో పెట్టుకుని కూర్చున్నారట. ఈ కబురు మోసుకొచ్చినవాడు గోర్చా. ఊరి తాడు చూసుకునే ముసలాడు. మోకాళ్ళ లోతు మంచులో ఇల్లిల్లూ తిరుగుతున్నాడు, తిరిగిన ప్రతి ఇంట్లోనూ చీవాట్లు పెడుతున్నాడు. హుర్నె ఇంట్లో అడుగుపెట్టి, వెలుగు చూసి, కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు. మీ ఇంట్లో ఏమన్నా పెళ్ళా, కింద జనం బిగుసుకుపోతుంటే అని ఎగతాళి చేశాడు.

ఎవరో శవాన్ని దాచారని అతని అనుమానం. దొరికితే ఆ ఇంటివాళ్ళని ఊరవతలికి తరుముతానన్నాడు. హుర్నె మెడ చూశాడు, తిసీ మెడ చూశాడు. ఓల్మా మెడ మీద చెయ్యి వేసి, "బాగానే ఉందమ్మా మీ అత్త, నా కంటే పదేళ్ళు ఎక్కువ బతికేట్టుంది" అన్నాడు. వేడి గంజి తాగుతూ కాసేపు తాడు వంకే చూస్తూ కూర్చున్నాడు.

"మా తాత ఒక మాట అనేవాడు. బతికున్న ఒళ్ళు కొంత సెగ తీసుకుని ఇక చాలంటుంది. చచ్చిన ఒళ్ళు చాలనదు. ఎంత పోసినా తాగుతూనే ఉంటుంది. ఊరంతా పోసినా సరే."

"అట్లా తాగితే ఏమవుతుంది తాతా ఆ ఒంటికి?"

"ఏమో, ఎవడు చూశాడు? మేమెప్పుడూ తెంచేశాంగా." గిన్నె కింద పెట్టి లేచాడు. చల్లటి మెడ ఎక్కడుందో వెతుక్కుంటూ పక్కింటికి వెళ్ళాడు. అసలు జవాబు తన నోటి నుంచే వచ్చింది, తన చెయ్యే ఆ మెడ మీద వేశాడు, అయినా ఆ రెండూ ఆ బుర్రలో కలవలేదు. ఏం మనుషులో.

హుర్నెకి మాత్రం కలిశాయి. వెళ్ళి బొంత తీసింది. ఓల్మా బుగ్గలు ఎర్రగా నిగనిగలాడుతున్నాయి. ముడతలు సాగి మొహం కుండలా నున్నగా తయారైంది. పాదాలు పట్టుకుంటే చెయ్యి కాలింది. కళ్ళు సగం తెరుచుకుని ఉన్నాయి, ఎటూ కదలడం లేదు. ఎవరో తెలియని పడుచుపిల్ల తన అత్త బట్టలు కట్టుకుని పడుకున్నట్టుంది.

హుర్నె కత్తి తీసింది. తాడు దగ్గరికి వెళ్ళింది. అవతల తిసీ జడ కొస నోట్లో పెట్టుకుని నిద్రపోతోంది. కింద ఎవరి పిల్లలు బిగుసుకుపోతున్నారో హుర్నెకి తెలుసు, వాళ్ళ పేర్లతో సహా తెలుసు. అయినా చెయ్యి రాలేదు. తాడు తెంచడమెందుకు, శవాన్ని తీసేస్తే సరిపోతుంది కదా అనుకుంది. కానీ వీధిలో గోర్చా, అతని మనుషులు తిరుగుతూనే ఉన్నారు. తెల్లారాక చూద్దామని కత్తి దాచేసింది.

మర్నాడు పొద్దున మంచు ఎదుటి మనిషి కనపడనంత దట్టంగా పడుతోంది. హుర్నె ఓల్మాని బొంతలో చుట్టి పెరటి గుమ్మంలోంచి బయటికి లాక్కెళ్ళింది. శవం లాగినంత మేరా మంచు కరిగి నీళ్ళు కారాయి. గొర్రెల దొడ్డి వెనక గొయ్యి తవ్వి, అందులో దించి, మంచు కప్పేసింది. కప్పిన మంచు కూడా కాసేపు ఆవిర్లు కక్కింది. తుఫాను తగ్గాక నేనే గట్టు మీదికి మోస్తానత్తా అని దండం పెట్టి లోపలికొచ్చింది. ఇక తాడు నెమ్మదిస్తుంది, కింది ఇళ్ళకి సెగ పారుతుంది, తిసీకి సరిపడా మిగులుతుంది. తన తప్పు ఎవరికీ తెలియకుండా సర్దుకుపోతుంది.

తాడు నెమ్మదించలేదు. నిన్నటికంటే ఎక్కువ వెలుగుతోంది. స్తంభం దగ్గర నిలబడితే కళ్ళు తెరవలేనంత వెలుగు.

పారేది పారేది ఒక్కసారి ఆగుతుందా, కాస్త సేపు పట్టదా అని సరిపెట్టుకుంది. తిసీని చూసింది. తెల్లవారుజాము నుంచీ దగ్గు వినపడలేదు. హాయిగా పడుకుంది. మెడ వెనక చెయ్యి పెడితే వెచ్చగా, చక్కగా ఉంది. ఎండుటాకుల చప్పుడు కూడా లేదు. ఇంత సుఖంగా నిద్రపోయి ఎన్నాళ్ళయిందో, లేపడమెందుకని దుప్పటి సర్ది, పాలు కాచింది.

అప్పుడు తలుపు దబదబా బాదారు. బెజిన్. మొహం పాలిపోయి ఉంది, వేళాకోళాలన్నీ ఎటు పోయాయో. మూక్‌ని వీపు మీంచి దించి రొమ్ముకి హత్తుకుని ఉంది. తన ఇంట్లో తాడు పూర్తిగా ఆరిపోయిందని, పిల్లాడు ఏడుపు కూడా మానేశాడని, కాసేపు నీ తిన్నె మీద పెట్టుకోనివ్వమని అడిగింది. హుర్నె నోరు పెగల్చుకుని ఔననేలోపే వచ్చి, పిల్లాణ్ణి తిసీ పక్కలో పెట్టి, ఇద్దరి మీదా దుప్పటి లాగింది. తిసీ మెడ తడిమి, నీ బిడ్డ ఎంత వెచ్చగా ఉందో, కొలిమిలా ఉంది, అదృష్టవంతురాలివి వదినా అంది.

ఇద్దరూ కూర్చున్నారు. తాడు భగభగలాడుతోంది, గోడలు వేడెక్కాయి, బెజిన్ నుదుటన చెమట పట్టింది. మూక్ పెదాలు మాత్రం నీలంగానే ఉన్నాయి. బెజిన్ మాటిమాటికీ వాడి మెడ తడుముతోంది.

"వదినా, వీడికి ఎక్కడం లేదే. ఇంత సెగలో ఉన్నా ఎక్కడం లేదు. ఎటు పోతోంది ఇదంతా?"

హుర్నె పాలగిన్నె తీసుకుని తిసీ తల ఒళ్ళో పెట్టుకుంది. చెంచాతో కాసిని పాలు నోట్లో పోసింది. పాలు నోట్లోనే నిలిచాయి. తల కొంచెం వంచితే పెదవి చివరి నుంచి కారి, మెడ మీదుగా పోయి, ఒంటి వేడికి అక్కడే ఆవిరైపోయాయి. పిల్ల బుగ్గలు ఎర్రగా, నిగనిగలాడుతూ ఉన్నాయి. ఇంత అందంగా తిసీ ఎప్పుడూ లేదు.

హుర్నె ఒక్క చుక్క కన్నీరు కార్చలేదు. గిన్నె పక్కన పెట్టి, తల నెమ్మదిగా దించి, దాచిన కత్తి తీసి స్తంభం దగ్గరికి నడిచింది. బెజిన్ చూసి అదిరిపడి, చెయ్యి పట్టుకుంది.

"పిచ్చెక్కిందా నీకు? జబ్బుపిల్లని పెట్టుకుని తాడు తెంచుతావా?"

"పిల్ల పోయింది బెజిన్."

"పోవడమేంటి? ఇప్పుడేగా నా చేత్తో చూశాను. వెచ్చగా ఉంది. ఇంత వెచ్చగా ఉన్నదాన్ని పోయిందంటావేంటి, నువ్వసలు తల్లివేనా?"

"నీవాణ్ణి ఎత్తుకో. ఎత్తుకుని మీ ఇంటికి పో. మీ తాడు వెలుగుతుంది."

చెయ్యి విదిలించుకుని తాడు కోసేసింది. కిటికీలన్నీ మంచుతో మూసుకుపోయి ఉన్నాయేమో, పట్టపగలే ఇల్లు చీకటిగుయ్యారమైంది. ఆ చీకట్లో మొదట వీధి కింది నుంచి కేకలు వినపడ్డాయి, సంతోషంతో వేసిన కేకలు. ఒకదాని తర్వాత ఒకటి ఇళ్ళు వెలుగుతున్నట్టున్నాయి. తర్వాత దుప్పటి కింద మూక్ కదిలి, చిన్నగా, పీలగా ఏడ్చాడు. బెజిన్ తడుముకుంటూ వాణ్ణి ఎత్తుకుని, ఏం చూసి భయపడిందో, వెనక్కి తిరగకుండా పరిగెత్తింది.

హుర్నె తిసీని ఒళ్ళోకి తీసుకుని కూర్చుంది. పిల్ల ఒళ్ళు ఒక్కసారిగా చల్లబడలేదు. మొదట కాలివేళ్ళు, తర్వాత మోకాళ్ళు, తర్వాత చేతులు. మెడ వెనక చాలాసేపు వెచ్చగానే ఉంది. హుర్నె అక్కడి నుంచి చెయ్యి తియ్యలేదు.

తుఫాను తగ్గాక ఊరు కూర్చుంది. గోర్చా అబద్ధం ఆడే మనిషి కాడు. ఓల్మా మెడ తను స్వయంగా చూశానని, వెచ్చగా, ఆరోగ్యంగా ఉందని చెప్పాడు. అలాంటిది గొర్రెల దొడ్డి వెనక మంచులో గడ్డకట్టి దొరికింది. బెజిన్ కూడా అబద్ధం ఆడలేదు. వెక్కి వెక్కి ఏడుస్తూనే ఉన్నదున్నట్టు చెప్పింది. పిల్ల కొలిమిలా వెచ్చగా ఉండగా తల్లి తాడు తెంచింది, నేను చెయ్యి పట్టుకుని ఆపినా వినలేదు అంది. హుర్నె పాల సంగతి చెప్పబోయింది. జబ్బుపడ్డ పిల్లలు పాలు కక్కుతారు, అదీ ఒక గుర్తేనా అన్నారు. తను కొయ్యగానే కింది తాళ్ళు వెలిగాయి కదా అంటే, ఏ ఇంటి పాయ తెంచినా మిగతావాటికి సెగ పెరగదా అన్నారు. బుగ్గల సంగతి చెప్పింది. ఎర్రటి బుగ్గలున్న పిల్ల చచ్చిందంటోంది చూడండర్రా అని ఆడవాళ్ళు చెవులు మూసుకున్నారు. ముసలిదాన్ని బతికుండగా మంచులో పూడ్చింది, కూతుర్ని బతికుండగా చలికి చంపింది, ఇక ఆ ఇంటికి తాడు ముడి వేసేది లేదని తేల్చారు. యార్తు కొండ దిగి వచ్చి, అంతా విని, భార్య ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. ఆమె మెడ మీద చెయ్యి వెయ్యకుండానే తన బట్టలు మూట కట్టుకుని తమ్ముడింటికి వెళ్ళిపోయాడు.

మొదట్లో హుర్నె ఎవరేమన్నా లెక్కచెయ్యలేదు. తనకి తెలుసు కదా. పేడపిడకలు రాజేసుకుని, గొర్రెల మధ్య పడుకుని ఆ చలికాలం ఎలాగో ఈదింది. వీధిలో పిల్లలు రాళ్ళు వేసినా తల వంచుకుని నడిచింది. అయితే పుట్టి బుద్ధెరిగిన నాటి నుంచీ ఆమె కూడా ఆ లోయలో మనిషే, ఆమె చేతికి తెలిసిన పరీక్ష కూడా అదొక్కటే. ఎంత పనిలో ఉన్నా ఆ అరచేతికి ఆ మెడ గుర్తొస్తుంది, వెచ్చగా, చెమ్మగా. పిల్ల మొద్దునిద్రలో ఉందేమో. దగ్గి దగ్గి అలిసిపోయి మింగలేదేమో. ఈమధ్య ఎవరూ అడక్కపోయినా తనలో తానే గొణుక్కుంటోంది, ఆ పాలు ఇంకొక్కసారి పట్టి చూడాల్సింది అని.